సూత్రము చేపట్టిన నటి



కాళిదాసుని శాకుంతలము చదివినవారికి దాని ప్రస్తావన జ్ఞప్తియందుండును. నాంది ముగియగనే సూత్రధారుడు రంగమునకు వచ్చి నటిని బిలుచును. ఆమె వచ్చి, యాజ్ఞ యేమని యడుగును. గ్రీష్మర్తువును గూర్చి పాడుమని యతడు చెప్పును; ఆమె పాడును. సభ యంతయు చిత్తరువువలె నిశ్చలమగును. అంతట సూత్రధారుడు, ఇప్పుడు మనమే నాటకమాడవలయునని నటినే యడుగును. శాకుంతలమని మీరే కదా ముందు సెలవిచ్చితిరని యామె జ్ఞప్తి చేయును. నీ పాటచేత మైమరచితినని యతడు ఒప్పుకొనును. అటుపిమ్మట నాటకము మొదలగును.

ఉద్యోగము చేసిన కాలమంతయు ఈ ఘట్టమును నేను పిల్లలకు చెప్పుచు వచ్చితిని. చెప్పిన ప్రతిసారియు వారు నవ్వుచుండిరి, నేనును నవ్వుచుంటిని. ఆ నవ్వులో దాగియున్న ప్రశ్న మాత్రము నాకు చాలకాలము వినబడలేదు. నాటకమేదో యెఱిగినది నటి, మరచినవాడు సూత్రధారుడు. ఐనను సూత్రము అతని చేతిలోనే యుండవలయునా? ఆ సూత్రమును తన చేతికి దీసికొనిన తెలుగునటి భానుమతీరామకృష్ణగారిని గూర్చియు, ఆమె వెనుక ఆ దారిని నడచిన మఱి యిద్దరిని గూర్చియు నేడు ముచ్చటింపదలచితిని. కడపట నేను చేసిన తప్పొకటి కూడ చెప్పుకొందును.

నేను అనంతగిరి నివాసిని. విజయనగరమున సంస్కృతము చదివి, భాషోపాధ్యాయుడనై, ఈ కొండలమీది బడులలోనే ఉద్యోగము ముగించితిని. కాఫీతోటల నడుమ, మధ్యాహ్నము దాక మంచు వీడని చోట నుండువానికి సినిమాలతో నేమి పని యని మీరనుకొనవచ్చును. నా బాల్యమున సినిమా చూడవలయునన్న కొండదిగి శృంగవరపుకోటకు బోవలసినదే. అక్కడ టూరింగు టాకీసు డేరాలో, ఇసుకమీద కూర్చుండి, మా నాయనమ్మతో గూడ 'మల్లీశ్వరి' చూచితిని. బి. ఎన్. రెడ్డిగారు 1951లో తీసిన యా చిత్రము అప్పటికే పాతబడినది; రీళ్లు తెగుచు అతుకుచు నడచినది. తిరిగి వచ్చునప్పుడు నాయనమ్మ, "ఆ పిల్ల మాట పడే రకం కాదురా" అన్నది. ఆమె చెప్పినది మల్లీశ్వరి పాత్రను గూర్చి కాదు, దానిని ధరించిన భానుమతిని గూర్చియే. పుస్తకము ముట్టని మా నాయనమ్మ ఒక్క వాక్యములో చేసిన యా విమర్శను నేను పెద్దవాడనైన పిమ్మటగాని గ్రహింపలేదు.

నటి దర్శకురాలగుట మన దేశముననే పుట్టిన వింత కాదు. సముద్రముల కావల మెక్సికో దేశమున మిమీ దెర్బా యను నాటకనటి 1917లో ఎన్రికే రోసాస్ అను ఛాయాగ్రాహకునితో గలిసి అజ్టెకా ఫిల్మ్స్ అను సంస్థను నెలకొల్పెను. ఆ యేటి 'లా తిగ్రెసా' అను మూకచిత్రమును నడపినది ఆమెయేయని ఆ దేశపు సినిమాచరిత్రకారులు చెప్పుదురు. మన దేశమున ఫాత్మా బేగము 1926లో 'బుల్బుల్-ఎ-పరిస్తాన్' అను మూకచిత్రమునకు దర్శకత్వము వహించెను. 1931లో వచ్చిన 'కాళిదాస్' చిత్రమున, తమిళము, తెలుగు కలగలిసిన యా తొలి టాకీయందు, నాయికగా నటించిన టి. పి. రాజలక్ష్మి 1936లో తన నవలనే 'మిస్ కమల'యను పేర చిత్రముగా తీసెను. ఈ మువ్వురును మొదట నటీమణులే. మువ్వురికిని ఇంకొక పోలిక కలదు. దానిని తరువాత చెప్పెదను.

భానుమతిగారు 1925లో ఒంగోలు ప్రాంతమునందలి దొడ్డవరమున జన్మించిరి. తండ్రి బొమ్మరాజు వెంకటసుబ్బయ్యగారు సంగీతజ్ఞులు. కూతునకు సంగీతము నేర్పినది ఆయనయే. 1939లో చిత్తజల్లు పుల్లయ్యగారు కాళ్లకూరి నారాయణరావుగారి 'వరవిక్రయము'ను కలకత్తాలో చిత్రముగా తీసినపుడు, పదమూడు పదునాలుగేండ్ల ప్రాయమున ఆమె కాళింది వేషము ధరించిరి. కథ మీ రెఱిగినదే. తన పెండ్లికట్నమునకై తండ్రి భూమి నమ్ముకొనుట చూడలేక కాళింది నూతిలో బడి ప్రాణము విడుచును. తన బ్రదుకును గూర్చి తనకు మాట చెల్లని యింట ఆ బాలికకు మిగిలిన సమాధానమదియొక్కటే. ఇట్టి పాత్రతో మొదలైన జీవితము ఎచటికి జేరినదో చూడుడు.

కూతురు సినిమాలలో జేరునపుడు, నాయకపాత్రధారి యెవ్వడును ఆమెను కౌగిలింపరాదని తండ్రి నియమము పెట్టెనట. ఆ కాలపు తండ్రికి అది సహజము. పిమ్మట ఆమె తనకు తానే పెట్టుకొనిన నియమములు అంతకంటె కఠినములైనవి. తన పాట తానే పాడవలయును. తనకు నచ్చని మాట తన నోట రాగూడదు. తనకు తెలియక తన పాత్ర మారగూడదు. ఇవి పురుషునియందున్నచో పట్టుదల యందురు. ఆమెయం దున్నవి గనుక పొగరనిరి.

1943లో 'కృష్ణప్రేమ' చిత్రము తయారగుచుండగా అందు సహాయదర్శకుడుగ నున్న పి. ఎస్. రామకృష్ణారావుగారిని ఆమె వలచి వివాహమాడిరి. వివాహానంతరము నటన చాలింపదలచిన యామెను బి. ఎన్. రెడ్డిగారు 'స్వర్గసీమ'కు పిలిపించిరి. 1945లో విడుదలైన యా చిత్రముతో ఆమె పేరు దక్షిణదేశమంతట వ్యాపించినది. తరువాత ఆ దంపతులు కుమారుడు భరణి పేర భరణీ పిక్చర్సును, మదరాసులో భరణీ స్టూడియోను నెలకొల్పిరి. 'రత్నమాల', 1949లో 'లైలామజ్ను', 1952లో 'ప్రేమ' ఆ సంస్థనుండి వెలువడినవి. వీనికి భర్త దర్శకుడు; భార్య నాయిక. అంతవరకు ప్రస్తావనలోని వరుసయే: ఆయన సూత్రధారుడు, ఆమె నటి.

1953లో ఆ వరుస మారినది. 'చండీరాణి' చిత్రమునకు భానుమతిగారే దర్శకత్వము వహించిరి. ఆ పని యెంతటిదో మీకు విశదపరచవలయును. చిత్రమొక్కటి కాదు, తెలుగు, తమిళము, హిందీ భాషలలో ఒక్కమారే తయారైనది. దీపములు సర్ది, కెమెరా నిలిపి తీసిన ప్రతి ఘట్టమును మఱల వేఱు భాషలో, వేఱు పెదవుల కదలికతో తీయవలయును. తెలుగున కన్నీరు వచ్చిన క్షణముననే హిందీలోను కన్నీరు రావలయును. అందు ఆమెది ద్విపాత్రాభినయము. నేడైతే యంత్రము చేయును. ఆ కాలమున ఇద్దరు అక్కచెల్లెండ్రను ఒకే తెరమీద ఒక్క నటి చూపవలయునన్న కటకమున సగము మూసి ఒక పాత్రను తీసి, అదే ఫిలిమును వెనుకకు ద్రిప్పి, రెండవ సగమున రెండవ పాత్రను తీయుచుండిరి. మొదటి పాత్ర ఎచట జూచెనో, ఎంతసేపు మౌనముగ నుండెనో, రెండవ పాత్రకు జ్ఞప్తి యుండవలయును. వెండ్రుకవాసి తప్పినను అక్కచెల్లెండ్ర చూపులు కలియవు. పైగా ఆ చిత్రము నడుమనే సంగీతదర్శకుడు సి. ఆర్. సుబ్బరామన్ 1952లో అకాలమరణము నొందగా, ఆయన శిష్యస్థానములో నున్న ఎం. ఎస్. విశ్వనాథన్ సంగీతము పూర్తిచేసెను. ఇన్ని చిక్కులనడుమ ఎన్. టి. రామారావుగారు నాయకుడుగా ఆ చిత్రము పూర్తియై విడుదలైనది.

కెమెరాకు ముందు రెండుమారులు, వెనుక ఒకమారు నిలిచిన మనిషి ఆమె. ప్రేక్షకుల కగపడునది తానే. ఎట్లగపడవలయునో నిర్ణయించునదియు తానే. నూతిలోబడిన కాళింది తిరిగి పైకివచ్చి, ఆ కథను తానే చెప్పసాగినదా యని నాకొక్కొక్కమా రనిపించును.

'మిస్సమ్మ' సంగతి మీలో పెక్కుమందికి తెలియును. 1955లో విడుదలైన యా చిత్రమున మొదట నాయిక భానుమతిగారే. కొంత చిత్రీకరణము కూడ జరిగినది. నిర్మాత చక్రపాణిగారికిని ఆమెకును మనస్పర్ధ కలుగుటచేత ఆ పాత్ర సావిత్రిగారికి దక్కినది. చేజారిన యవకాశమునకై ఆమె విలపించుచు గూర్చుండలేదు. తన సంస్థనుండి 1954లో ఒక హాస్యచిత్రము వెలువరించి, దానికి 'చక్రపాణి' యని పేరుపెట్టిరి! దర్శకుడు రామకృష్ణారావుగారు, సంగీతము భానుమతిగారిది. ఇట్లు నవ్వగలుగుటకు మనసు చాలదు. సొంత స్టూడియో కావలయును. అది లేని నటి పాత్ర పోగొట్టుకొని ఇంటికి బోవలసినదే.

తరువాత ఆమె 1972లో 'అంతా మనమంచికే', 1974లో 'అమ్మాయి పెళ్ళి' చిత్రములకు దర్శకత్వము వహించిరి. 1982లో 'భక్త ధ్రువ మార్కండేయ'యందు పిల్లలచేతనే నటింపజేసిరి. పిల్లలకు చదువు చెప్పినవాడను గనుక ఈ పని నన్ను మిక్కిలి ఆశ్చర్యపఱచినది. పెద్దవానికి భావము చెప్పిన చాలును. పిల్లవానికి నిలుచుచోటు, చూచుచోటు, ఊపిరి పీల్చుచోటు సైతము చూపవలయును. 'అత్తగారి కథలు' వ్రాసిన చేయియు ఇదియే. ఇంటిపెత్తనమంతయు తనదే యనుకొను అత్తగారిని కోడలు ప్రక్కనుండి చూచి చిరునవ్వుతో చెప్పిన కథలవి. చూచుట, చూపుట అను రెండు విద్యలును కాగితముమీద కూడ ఆమెకు పట్టుబడినవి. ఆత్మకథ 'నాలో నేను'కు జాతీయపురస్కారము లభించినది. 1966లో పద్మశ్రీ, 2001లో పద్మభూషణము ఆమెను వరించినవి. 2005 డిసెంబరు 24వ తేదీన చెన్నపట్టణమున కీర్తిశేషులైరి.

ఇక సావిత్రిగారు. నటనలో ఆమెకు సాటి చెప్పవలసినచో తడుముకొనవలసివచ్చును. 1968లో 'చిన్నారి పాపలు' చిత్రముతో ఆమె దర్శకురాలైరి. ఆ చిత్రమున పని చేసినవారిలోను స్త్రీలే ఎక్కువ. సంగీతము గాయని పి. లీలగారిది, నృత్యము నటి రాజసులోచనగారిది. ఇంతమంది విదుషీమణులు అంతవరకు ఎక్కడ నుండిరి? అక్కడనే యుండిరి, పిలుచువారు లేకపోయిరి. 1969లో 'మాతృదేవత' ఆమె దర్శకత్వముననే వచ్చినది. కాని 1971లో తెలుగు 'మూగమనసులు' కథను తమిళమున 'ప్రాప్తం'గా తామే నిర్మించి దర్శకత్వము వహింపగా, అది ఆమెకు తీరని నష్టము దెచ్చినది. పురుషుని చిత్రమొకటి చెడినచో కథ బాగులేదందురు. స్త్రీ చిత్రము చెడినచో ఆమెకీ పని యెందుకందురు. 1981లో ఆమె కన్నుమూసిరి. ఆమె జీవితమును దుఃఖకథగా చెప్పువారు పెక్కురు గలరు. ఆ దర్శకత్వమును విద్యగా గణించువారు తక్కువ. అది నాకు న్యాయముగా తోచదు.

మూడవవారు విజయనిర్మలగారు. బాల్యముననే తెరకెక్కి, 1957లో 'పాండురంగమాహాత్మ్యము'న బాలకృష్ణుడుగా గన్పడి, 1966లో బి. ఎన్. రెడ్డిగారి 'రంగులరాట్నము'తో తెలుగున నాయికయైరి. 1973లో మలయాళమున 'కవిత'తో దర్శకత్వ మారంభించి, అదే యేట యద్దనపూడి సులోచనారాణిగారి నవలను 'మీనా'గా తీసిరి. వ్రాసినది స్త్రీ, తీసినది స్త్రీ, చూచుటకు పరుగులెత్తినవారును స్త్రీలే. మఱుసటి యేడు 'దేవదాసు' తీయగా అది యాదరణ పొందలేదు. ఐనను ఆమె ఆగలేదు. మొత్తము 44 చిత్రములకు దర్శకత్వము వహించి, లోకమున అధికసంఖ్యలో చిత్రములకు దర్శకత్వము వహించిన స్త్రీయని 2002లో గిన్నిస్ గ్రంథమున పేరు వ్రాయించుకొనిరి. 2019లో పరమపదించిరి. ఒక్క చిత్రము చేసినచో వింత. నలువదినాలుగు చేసినచో అది వృత్తి. స్త్రీ దర్శకత్వమును వింతనుండి వృత్తిగా మార్చినది ఆమెయే యనవచ్చును.

ఇందాక చెప్పెదనన్న పోలిక ఇది. మిమీ దెర్బాకు సొంత సంస్థ కలదు. ఫాత్మా బేగముకును, రాజలక్ష్మికిని సొంత సంస్థలు కలవు. భానుమతిగారికి భరణీ కలదు. విజయనిర్మలగారికి విజయకృష్ణా సంస్థ యండగ నుండెను. సావిత్రిగారు 'ప్రాప్తం'కు తన సొమ్మునే యొడ్డిరి. అది పోగా నిలువనీడ కఱవైనది. దీనినిబట్టి తేలునదేమి? ఈ నటీమణులకు దర్శకత్వవిద్య యొకరు దయతలచి యిచ్చినది కాదు. ఏండ్లతరబడి కెమెరాముందు నిలిచి, ఏ దీపము ముఖము నెట్లు మార్చునో, ఏ మౌనము మాటకంటె పెద్దదో వారు నేర్చియేయుండిరి. లోపించినది విద్య కాదు, అధికారము. ఆ యధికారము తన యిల్లు తాను కట్టుకొనినవారికే దక్కినది. నేడు నందినీరెడ్డిగారివంటివారు నటీమణులుగా పేరు పొందనక్కరలేకయే దర్శకత్వమునకు రాగలుగుచున్నారు. దారి కొంత వెడల్పైనది. కాని ఆ దారిని మొదట తెఱచినవారు తమ సొమ్ముతోడను, తమ పేరుతోడను దాని వెల చెల్లించిరి.

ఇప్పుడు నా తప్పు. చాలయేండ్ల క్రిందట, ఈ కొండలలోని యొక బాలికల వసతిబడిలో నేను పని చేయుచుంటిని. వార్షికోత్సవమునకు పదవతరగతి బాలిక యొకతె తన అవ్వ చెప్పిన కథను నాటకముగా అల్లినది. ఊరి ఊట ఎండిపోవును, పెద్దలు తగవులాడుకొందురు, ఒక ముసలమ్మ మాత్రము ఊట మొదలున రాళ్లు తొలగించుచుండును. అదియే కథ. ఆ పిల్ల తోటిబాలికలను థింసా యాటలోవలె వరుసగా నిలిపి, చేతులు వెనుకకు పెనవేయించి, ఎవరు ఎప్పుడు వరుస విడిపోవలయునో, ఎప్పుడు కలియవలయునో నేర్పుచుండెను. నేను చూచి సంతోషించితిని. సంతోషించి యేమంటినో వినుడు. "నీవు చక్కగా నటింతువు గదా, ముసలమ్మ వేషము నీవు వేయుము. నడిపించుట మాస్టార్లు చూచుకొందురు" అంటిని. అది మెప్పనియే తలచితిని.

ఆ పిల్ల మాఱుపలుకలేదు. నేను నాటకము చేపట్టితిని. ముసలమ్మకు మంచి భాషలో పెద్ద ప్రసంగము వ్రాసితిని. జలమహిమను గూర్చి రెండు పద్యములు చేర్చితిని. ఆ బాలిక ఒక్క యక్షరము తప్పక చెప్పినది. సభవారు చప్పట్లు చఱచిరి. దీపములార్పినపిమ్మట కుర్చీలు సర్దుచు ఆమె నాతో మెల్లగా, "మాస్టారండీ, నేనైతే ముసలమ్మ చేత మాట్లాడించనండి. రాళ్లు తీస్తూనే ఉంటుందండి. అందరూ అరిచి అరిచి ఊరుకున్నాక నీళ్ల చప్పుడు వినబడుతుందండి" అన్నది.

శ్రోతలారా, అలంకారశాస్త్రము చదివినవాడను. ధ్వని యనగానేమో పరీక్షలో పుటలకొలది వ్రాసినవాడను. ఆ ధ్వని నా యెదుట నిలువగా, దానికి వేషము వేసి నా ప్రసంగము వల్లె వేయించితిని. నాటకమేదో యెఱిగినది ఆ పిల్ల, మరచినవాడను నేను. కాళిదాసుని సూత్రధారుడు కనీసము తన మరపును సభలో ఒప్పుకొనెను. నాకది యిప్పటికి గాని సాధ్యము కాలేదు.

ఆ బాలిక నేడు ఉపాధ్యాయిని. కిందటి సంక్రాంతికి కనబడినపుడు ఆనాటి సంగతి యెత్తి, తప్పు చేసితినమ్మా యంటిని. ఆమె కాసేపు ఆలోచించి, "నాకు గుర్తు లేదండి మాస్టారూ" అని నవ్వినది. నిజముగా మరచెనో, వృద్ధుని నొప్పింపలేక అట్లనెనో నాకు తెలియదు. మరచియున్నచో నాకింకను బాధ. ఎందఱు బాలికలు ఇట్లు ఒక్కమారు పుస్తకము చేతికిచ్చి, మరల తీసికొనబడి, అడుగుటయే మరచిపోయిరో!

అందుచేత ఉపాధ్యాయులకును, తల్లిదండ్రులకును నాదొక మనవి. మీ బడిలో నాటక మాడించునపుడు, బాగుగ నటించు బాలికకు మంచి వేషమిచ్చి ఋణము తీరెననుకొనకుడు. పుస్తకము ఆమె చేతికిచ్చి, మీరు వెనుకవరుసలో గూర్చుండుడు. ఆమె తప్పు చేయును, చేయనిండు. రెండవమారు కూడ ఆమెకే యిండు. విజయనిర్మలగారి 'దేవదాసు' తరువాత ఎన్ని చిత్రములు వచ్చినవో జ్ఞప్తికి దెచ్చుకొనుడు. సొంత స్టూడియో కట్టుకొను భాగ్యము కొండబడి పిల్లకు లేదు. ఆమెకు భరణీ స్టూడియో మన బడి వరండాయే.